గంటకి ఎంత ఎత్తు

బల్లారట్‌లో జులై. పొద్దున్న ఆరింటికి
ప్లైవుడ్ పలకల మీద మంచు గీకితే గోళ్ళలో ఇరుక్కుంది.
కట్టాల్సిన గోడ అయిదు మీటర్ల నలభై.
పలకల మధ్య ఇంకా ఏమీ లేదు,
ఇనప చువ్వలూ, వాటి చీకటీ.

రాత్రి వంటగదిలో లెక్క వేశాను.
అంతా నీళ్ళే అనుకుంటే
అడుగున నూట ముప్ఫై అయిదు కిలోపాస్కల్స్.
పలకలు ఆపగలిగేది ఎనభై.
మిగతాది కాంక్రీటు దయ.
పై వరస పడేలోగా కింది వరస బిగుసుకోవాలి.
ఈ చలిలో ఎప్పటికి బిగుస్తుందో
సూత్రం ఒకటి చెబుతుంది, నా కడుపు ఇంకొకటి.
గంటకి మీటరున్నర, అని రాసి
కింద రెండు గీతలు గీశాను.

పంపు దగ్గర డెక్లన్‌కి గీతలతో పనిలేదు.
వెనక మూడు లారీలు డ్రమ్ములు తిప్పుకుంటూ నిలబడ్డాయి.
"ఇలా పోస్తే రాత్రికి ఇక్కడే పక్కలు వేసుకోవాలి" అన్నాడు.

టెవిటా పలకల్ని వేలి కణుపులతో కొట్టి వింటాడు,
పుచ్చకాయ బేరమాడేవాడిలా.
ఇక్కడిదాకా పట్టిందని సుద్దతో గీస్తాడు.
సుద్దగీత ఎక్కినంత తొందరగా
లారీలు తరగవు.

మూడు మీటర్లు నిండేసరికి
కింది నుంచి రెండో వరసలో బోల్టు ఒకటి
కిర్రుమంది.
కొత్త చెప్పు చేసేంత చప్పుడు.
దారానికీ పలకకీ మధ్య పొద్దున్న పది మిల్లీమీటర్లు.
ఇప్పుడు ఆరు.

ఆపమన్నాను.

నలభై నిమిషాలు. ఎవరూ తిట్టలేదు.
తిడితే బాగుండేది.
డెక్లన్ థర్మాస్ మూత తీసి పెట్టి, తాగడం మర్చిపోయాడు.
ఆఖరి లారీ వెనక్కి తిరిగింది,
ఆరు ఘనపు మీటర్లు, నా పేరు మీద.

పచ్చి పుండు, పచ్చి నిజం, పచ్చి బాలింత:
మా భాషలో అన్నిటికీ ఒక్కటే మాట.
పచ్చిగా ఉన్నంతసేపూ
ఏదైనా పక్కవాళ్ళని తోస్తూనే ఉంటుంది,
తనకింకా నిలబడటం రాక.

తర్వాత నిదానంగా పోశాం.
చీకటి పడ్డాక దుప్పట్లు కప్పి,
చెవుల్లో దూది పెట్టినట్టు
అంచులన్నీ దోపాం.

పలకలు ఎప్పుడో వేరే ఊరు వెళ్ళాయి.
గోడకి మూడు మీటర్ల ఎత్తున అడ్డంగా సన్నటి చార.
ఏమిటిది, అన్నాడు ఆర్కిటెక్టు.
అక్కడ కాసేపు ఆగాం, అన్నాను.
లోపాల జాబితాలో పదకొండోదిగా రాసుకున్నాడు.
పన్నెండోది ఒక తలుపు గొళ్ళెం.