మూడో గడి

పరిపత్రక్ వచ్చిన రోజు
బెత్తం తీసి వంట లచ్చక్క చేతిల పెట్టిన.
మేకల్ని తోలుకో, అన్న.
ఇరవై రెండేండ్లు నా చెయ్యి మరిగిన వెదురు.
లచ్చక్క మేకలు దాన్ని జూసి కదలనన్న కదలవు.

సిరొంచ సంతల చేపలమ్మే సడమేక్ బాపు
నన్ను జూస్తె ఇప్పటికీ లేచి నిలబడతడు.
ఎడమ చేత్తోని తూకం వేస్తడు.
కుడి చెయ్యికేమైందని నేను అడగ,
వాడు చెప్పడు.

పరిపత్రక్ మంచిదే. పదకొండు పేజీలు.
కొట్టొద్దు, తిట్టొద్దు, ఎండల నిలబెట్టొద్దు,
అడగాలె, వినాలె, రాయాలె.
ఆఖరి పేజీల గురుజీల కోసం కూడా ఒక పేరా:
మనసు బరువైతే ఈ నెంబరుకు ఫోన్ చెయ్యండి.
సిగ్నల్ దొరికేది నీళ్ల ట్యాంకు మెట్ల మీద.
ఒక పొద్దుగూకి ఎక్కిన.
అటుపక్క ఆడగొంతు మెత్తటి మరాఠీల పలికింది.
ఏం చెప్పాల్నో తోచక
బడికి రెండు ఫ్యాన్లు కావాలె, అన్న.

దాంతోపాటే వర్తణూక్ నోంద్‌వహి.
నీలి అట్ట, నాలుగు గడులు:
పిల్లగాని పేరు. ఏం చేసిండు. ఎందుకు చేసిండు. మీరేం చేసిండ్రు.
మూడో గడి అన్నిటికన్న సన్నం,
చిటికెన వేలు పెడితె నిండిపోతది.

జాడి ఓదెలు, ఆరో తరగతి.
సోమవారం పక్కోని లెక్కల పుస్తకం చింపిండు.
మంగళవారం బోరింగు పిడి ఊడబెరికిండు.
బుధవారం రాలే.
బేస్తవారం అందరు ప్రతిజ్ఞ చెప్తుంటె
పిచ్చుక గూటి మీదికి రాయి ఇసిరిండు.
ఎందుకు?
మాహీత్ నాహీ, అని రాసిన. తెల్వదు.
ఆ రెండు మాటలకే గడి సరిపోయింది.

తెల్వకేం.
వాళ్లమ్మ వంతెన దాటి మిరపకాయ ఏరవోయింది,
ట్రాలీల ఇరవై మందిల ఒకతె.
నాయిన సంగతి ఊళ్లె ఎవ్వరు ఎత్తరు.
చెల్లెకు జడ వీడే అల్లుతడు, వంకర పాపిడి తీసి.
ఇవన్ని రాయాలంటె గడి కాదు, గోడ కావాలె.

ఫిబ్రవరిల సముపదేశక్ మేడం వచ్చింది,
గడ్చిరోలి నుంచి ఎర్ర బస్సుల, ఒంటినిండ దుమ్ము.
కుర్చీ వద్దని
వాని ఎదురుంగ నేల మీద కూసున్నది.
గురుజీ ఉండొద్దట, నియమం.
కిటికీ అవతల నిలబడ్డ.

"తులా రాగ్ యేతో కా?"
కోపం వస్తదా, అని ఆమె అడిగింది.
ఆరేండ్ల మరాఠీ బడి వానికి మాట నేర్పింది గాని
ఇంట్ల విన్న మాటే ముందుగాల లేస్తది.
రాగం వస్తదా, అని వానికి వినబడ్డది.
వస్తది, అన్నడు.
ఎప్పుడు?
రాత్రిపూట. చెల్లె పండుకోకపోతె.
ఎట్ల వస్తది?
ఓదెలు కండ్లు మూసుకొని తీసిండు
మాటలు లేని కూనిరాగం,
సాలు చివర నడుమెత్తి ఊపిరి పీల్చుకున్నట్టు
అక్కడక్కడ తెగే రాగం.

మేడం పెన్ను ఆగింది.
లోపలికి పోయి అర్థం చెప్పాల్సినోన్ని నేనే.
ఈ రెండు మాటల నడుమనే కదా
ఇన్నేండ్లు జీతం తీసుకున్న.
పోలేదు.
నియమం అడ్డమొచ్చిందని చెప్పుకోవచ్చు.

నాలుగింటి బస్సుకు ఆమె పోయింది.
"పోరగా గోడ్ ఆహే," పిల్లగాడు తియ్యనోడు,
అని నాతోని అన్నది. వహిల ఏమీ రాయలే.

మాహీత్ నాహీ కొట్టేసి
సందుల ఇరికించి 'రాగ్' అని రాసిన.
పైన చదివే సాహెబుకు అది కోపం.
కానీ.

శుక్రవారం ఓదెలు మళ్ల రాయి ఇసిరిండు.
గూటికి కాదు, ఎవరి మీదికీ కాదు,
ఉత్త ఆకాశానికి.
కింద పడ్డ చప్పుడు విన్నంక గాని
తరగతిలకు రాలే.
ఇది రాయాల్నా వద్దా అని
వహి తెరిచి కూసున్న.