లెఫ్ట్ కవర్

ఎడమ భుజం మీద చెయ్యెయ్యబాక,
ఇట్టా కుడిపక్కకు వచ్చి కూర్చో, చెప్తా.

చీమకుర్తి క్వారీ అంచున పుట్టినోణ్ణి.
నల్లరాతిలో జిలుగు చుక్కలుంటాయి,
పాలిష్ పడితేగాని బయటికి రావు.
మా నాయన కంటికి ఒక్కటీ కనపడకుండానే
లారీలెక్కి పొయ్యాయి అవన్నీ.
రాతిపొడి గట్టిపడిన చదునులో
సున్నం గీసి చెడుగుడు.
కూతకు పొయ్యేవాళ్లు ఉడతల్లా ఉండేవాళ్లు.
"నువ్వు లావు. అట్టా నిలబడు" అన్నాడు
డ్రిల్లు మాస్టారు షాలేము.
నిలబడ్డా.
పదిహేడేళ్లు.

కవర్ అంటే ఏందో తెలుసా?
పక్కన కార్నర్‌లో ఉన్నోడు మడమ దొరకబుచ్చుకుంటాడు.
ఫోటో వాడిది.
దొరికిన మడమ జారకముందు,
ఆ మనిషి గీత మీదికి ఒరగకముందు
ఒక అరసెకను ఉంటుంది చూడు,
అందులో ఉంటా నేను.
పాయింటు మొదట పట్టినోడి పేరున రాస్తారు.
రూలు అది. నాకేం కోపం లేదు.
మొదటి మూడేళ్లు ఉండేది.

మా అక్క కరుణమ్మ ఇడ్లీబండి మీద
రోజుకు పది గుడ్లు ఉడకబెట్టి పెంచిన ఒళ్లు ఇది.
ఎనభై అయిదు కిలోలు దాటితే మళ్లీ ఆటలో ఉండదు.
పాట్నాలో ఒకసారి
రెండు రోజులు నీళ్లు ముట్టకుండా,
దుప్పటి కప్పుకుని పరిగెత్తినా దిగలేదు ముల్లు.
చివరికి గుండు కొట్టించుకున్నా.
అక్క ఫోన్లో చూసి,
"మనం మొక్కులు మానేసినోళ్లం గదరా" అంది.

వేలంపాటలో మొదటేడు ఆరు లక్షలు.
"మంచి బ్లాకు ఒకటి అంతకు పోద్ది" అన్నాడు
క్వారీ మేస్త్రీ, మెచ్చుకోలుగానే.
చివరేడు నా పేరు చదివారు.
హాల్లో ఏసీ చప్పుడు.
తర్వాతి పేరు చదివారు.

నా ఎడమచెయ్యి ఎప్పుడూ జగ్బీరు కుడిచేతిలో ఉండేది.
హర్యానా వాడు. వాడి మాట నాకు రాదు, నా మాట వాడికి రాదు.
వేలు ఒకసారి నొక్కితే ఆగు,
రెండుసార్లు నొక్కితే పో.
ఎనిమిది సీజన్లు అంతకుమించి మాట్లాడుకోలేదు.
అదిగాక నాలుగు తెలుగు ముక్కలు నేర్చాడు:
పట్టు, వదలొద్దు, అన్నం, నొప్పి.

ఆ సెమీఫైనల్ సంగతి కూడా చెప్పాలి.
ఒక్క పాయింటు పైన ఉన్నాం, ఆఖరి కూత.
వాడి వేలు ఒకసారే నొక్కింది.
నాకు రెండనిపించింది.
దూకా.
చంక కింద నుంచి గాలిలా జారి
గీత ముట్టుకున్నాడు ఆ కుర్రాడు.
భుజం అప్పుడే పోయింది. టక్కుమని
తాళం తీసినట్టు.
నేల మీద పడుకుని విన్నా మైకులో:
"నూకతోటి దేవసహాయం! తొందరపడ్డాడు దేవసహాయం!
ఈ ఓటమి దేవసహాయందే!"

రాత్రి అక్క ఫోను.
చుట్టూ ఒకటే గోల.
"ఒరే, నీ పేరు మూడుసార్లు చెప్పాడురా టీవీలో!
ఇంటిపేరుతో సహా!
బండి కాడ అందరికీ ఉత్తినే పెట్టినా ఇడ్లీలు!"
ఓడామని నేను చెప్పలేదు.
ఆమెకు తెలియదా అని ఇప్పటికీ అనుమానమే.

ఇప్పుడు ఒంగోలు స్టేషన్లో టికెట్లు చూస్తా.
గేటు కాడ నిలబడితే జనం
నన్ను చుట్టుకుని పోతారు,
స్తంభానికి అడ్డం తిరిగినట్టు.
పై బెర్తు మీద సంచి దించమని అడుగుతారు ముసలోళ్లు.
కుడిచేత్తో దించుతా.
రాత్రి నిద్రలో మాత్రం ఎడమచెయ్యి
దేనికోసమో తడుముతుందంట,
మా ఆవిడ మణికట్టు దొరికితే నొక్కుతుందంట.
ఒకసారా రెండుసార్లా అని అడగలేదు నేను.

వానలు మొదలైతే భుజం సలుపుతుంది.
సరిగ్గా ఆ రోజుల్లోనే జగ్బీరు ఫోను.
కాసేపు ఇద్దరం ఊపిరి తీసుకుంటాం అంతే,
కూతకు ముందు మల్లే.
అప్పుడు అడుగుతాడు, తెలుగులో:
"నొప్పి?"

నేనంటా:
"అన్నం."