బల్లిపాటు

చిత్తూరు సంతపేటలో
ఎతిరాజులు మొదలియారు ప్రెస్సులో
పద్దెనిమిదేండ్లు సీసం అక్షరాలు ఏరినోణ్ణి.
గోళ్ళల్లో ఇంకా ఉండాది ఆ నలుపు.
ఒక తప్పు చెప్పుకోవాల.

దుర్మతి నామ సంవత్సరం పంచాంగం.
ముప్పై ఏడో పేజీ, బల్లిపాటు ఫలాలు.
రాత్రి కరెంటు పోయింది.
గ్యాలీ చెయ్యి జారింది.
తలా భుజమూ మోకాలూ బొటనవేలూ
నేలమీద కుప్పగా పడినాయి.
లాంతరు వెలుగులో ఒళ్ళంతా మళ్ళీ పేర్చినా.
ఒళ్ళు కుదిరింది.
ఎవరి ఫలం ఎవరికి పోయిందో
ఆ బల్లికే తెలియాల.

అయిదువేల కాపీలు.
తెల్లారి చూసుకుంటే
ఎడమ భుజం కాడ కలహం పోయి ధనలాభం,
నడినెత్తిన మృత్యువు పోయి మృష్టాన్నం.
మొదలియారుకు చెప్పే ధైర్యం లేక
గుమ్మం వైపు చూస్తా కూర్చున్నా,
ఎవరో ఒకరు చెప్పు తీసుకోని వస్తారని.

ఎవరూ రాలా.

వచ్చింది బెల్లం మండీ చెంగల్రాయులు,
చేతిలో మైసూరుపాకు పొట్లం.
"ఎడమ భుజంమీదే పడిందబ్బా,
మీ బుక్కులో ఉన్నట్టే రేటు పలికింది.
మీ అచ్చు నా అచ్చును కాపాడింది."

గిరింపేట కన్నెమ్మ మాత్రం
మోకాలిమీద పడిన పాపానికి
కోడి కూయకముందే బస్సెక్కి కంచికి పోయి
బంగారు బల్లిని తాకి వచ్చింది.
పోను రాను చార్జీ, పైన ఒక దినం కూలి.
పాత బుక్కులో మోకాలికి వస్త్రలాభం.
ఆయమ్మ చీర నేను ఎత్తుకుపోయినట్టే గదా.

ఉండబట్టలేక మొదలియారుకు చెప్పేసినా.
ఆయన కళ్ళద్దాలు తుడుచుకోని
"ఒక్కరన్నా వెనక్కి తెచ్చినారా?" అన్నాడు.
"లేదు సామీ."
"అయితే అదే కరెక్టు. వచ్చే ఏడూ అదే కొట్టు."

నాకు తిక్క రేగింది.
దుందుభిలో, ఎవరికీ చెప్పకుండా,
చివర ఒక లైను నేనే చేర్చినా:
"చొక్కా జేబులో పడిన యెడల
పంచాంగం కొన్న రూకలు దండగ."
నవ్వుతారనుకున్నా.
బజారంతా పగలబడుతుందనుకున్నా.
ఉగాది పోయిన నాలుగో పొద్దు
మురకంబట్టు నుంచి ఒక పెద్దాయన
సైకిలు తొక్కుకుంటా వచ్చి
చెమటైనా తుడుచుకోకుండా అడిగినాడు:
"నాయనా, కుడి జేబా, ఎడమ జేబా?"

ఆ రాత్రి నాకు అన్నం దిగలా.
ఎగతాళి పండాలంటే కూడా
వినేవాడి దగ్గర
చిటికెడు అనుమానం ఉండాల్నేమో.

కేసులో ఒక గడి ఉండేది, ప్రశ్నార్థకానిది.
'శు'లూ 'భం'లూ అరిగి మొద్దుబారినా
అది మాత్రం కొన్ననాటి మాదిరే తళతళ.
పంచాంగంలో దానికేం పని?

ఫారాలు మడిచే రాజమ్మకు ఒక కూతురు, అములు.
ఆరో తరగతి. బడి వదిలితే ప్రెస్సులోనే,
చిత్తుకాగితాల కుప్పమీద.
ఒకనాడు రౌద్రినీ దుర్మతినీ
పక్కపక్కన పరిచి పెట్టుకోని
"ఏం మామా, బల్లి మాట మార్చిందా?" అనింది.
నేను నోరు తెరిచేలోపల
నోటుబుక్కు వెనక అట్ట చూపించింది,
పెన్సిలు గీతలు, తేదీలు.
"మాయమ్మ మీద మూడుసార్లు పడింది.
మూడుసార్లూ బల్లికే దెబ్బ తగిలింది."

నేను నవ్విన నవ్వుకు
ట్రెడిల్ తొక్కే పిల్లోడు కాలు ఆపేసినాడు.
గడిలోంచి ఆ తళతళలాడేదాన్ని తీసి
పిల్ల చేతిలో పెట్టి
జేబులో దాచుకోమన్నా.
ఏ జేబని ఆ పిల్ల అడగలా.

ఇదంతా రాస్తా ఉంటే
ఇప్పుడే, ట్యూబులైటు వెనక
టిక్ టిక్ మనింది బల్లి.
నా వేలు
నన్ను అడక్కుండానే
బల్లమీద మూడుసార్లు కొట్టింది.