చెయ్యి దూరేంత సందు

ముందు నా బూట్లు కడిగించింది జోలీన్,
మందునీళ్ల బకెట్లో, అడుగులతో సహా.
గుహల బూజు నా వెంట రాకూడదట.
తర్వాత టార్చి చేతికిచ్చి
"ఈ రాళ్లు మీరు పేర్చినవేనటగా" అంది.

నేనే. డెబ్బై ఎనిమిది ఎండాకాలం.
వెస్ట్ వర్జీనియా కొండని డైనమైట్‌తో చీల్చి రోడ్డు వేస్తూ
గట్టు జారకుండా
లారీలకొద్దీ ఇసుకరాయి దించాం.
మేస్త్రీ బర్ల్ స్టంప్ పైనుంచి అరిచేవాడు:
"సందుల్లో చిన్నరాయి కొట్టండ్రా, చెయ్యి దూరకూడదు!"
మూడింటి ఎండకి వీపు మీద అట్టు పోస్తే కాలేది.
నేనూ డ్వేనూ, ఇప్పుడు దాచి లాభమేముంది,
చివరి నలభై గజాలు కూరలేదు.
పైన పెద్దరాళ్లు కప్పేసి
ఏట్లోకి దూకాం.

టార్చి ఓరగా పట్టమంది.
చెయ్యి దూరేంత సందు,
లోపలికి పోయేకొద్దీ ఇరుకు, అట్లకాడ పట్టేంత.
అక్కడేదో నల్లగా. ఎండుటాకనుకున్నా.
ఆకుకి చెవులున్నాయి.

గబ్బిలం.
అర తులం కూడా తూగదట.
కాల్చిన బెల్లం రంగు బొచ్చు,
దొంగతనానికి బయల్దేరినట్టు మొహానికి నల్ల ముసుగు.
పాదం చూడమంది జోలీన్, చూశా.
నా చిటికెన వేలి గోరంత లేదు.
ఆ పాదాన్ని బట్టే దానికి పేరు పెట్టారట.
ఇంత ఒంటికి ఏడాదికి ఒక్కటే కాన్పు, ఒక్కటే పిల్ల.

జీపు బానెట్ మీద పటం పరిచింది.
పైన కెనడా అంచు, కింద జార్జియా,
పడమట ఓక్లహోమా దాకా రంగు పూసుంది.
"ఇంత రాజ్యమా దీనికి!" అన్నా.
"రంగుని నమ్మకండి" అంది.
"పెసరట్టు మీద ఉల్లిపాయ చల్లినట్టు, అక్కడో ముక్క ఇక్కడో ముక్క.
రాయీ ఎండా సందూ
మూడూ ఒకచోట కుదరాలి."
పెన్సిల్‌తో ఆవగింజంత చుక్క పెట్టింది.
చుక్క సరిగ్గా
నేను పని ఎగ్గొట్టిన చోట పడింది.

బూజు సంగతీ చెప్పింది.
చలికాలపు నిద్రలో మూతి మీద తెల్లగా మొలుస్తుందట,
పిండి అద్దినట్టు.
నిద్ర చెదిరి లేచి, మళ్లీ పడుకుని, మళ్లీ లేచి
ఒంట్లో దాచుకున్న కొవ్వంతా
వసంతం రాకముందే అయిపోతుందట.
ఒక్కో గుహలో నేలంతా ఎముకలేనట.
ఇది మాత్రం గుహ వాకిట్లోనే, చలిగాలి కొట్టే చోట పడుకుంటుంది,
అందరికన్నా ఆలస్యంగా వెళ్తుంది, ముందే బయటికొస్తుంది.
"అందుకే బతికిందా?"
"తెలీదు" అంది.
"ముందు ఎన్నున్నాయో లెక్కపెట్టినవాళ్లు లేరు,
ఎన్ని పోయాయని చెప్పను?"
తెలీదన్న మాట అంత తేలిగ్గా అన్న చదువుకున్నవాళ్లని
నేను పెద్దగా చూడలేదు.

వచ్చే ఏడాది గట్టు మీద సిమెంటు పోస్తారట,
సందులన్నీ పూడ్చి.
ఫైర్ స్టేషన్ హాల్లో మీటింగు పెట్టారు.
మడత కుర్చీలు, చల్లారిన కాఫీ.
జోలీన్ పటాలు చూపించింది, వెనక వరసలో ఎవరో ఆవులించారు.
నేను లేచా. నా పేరు ఎల్డన్ క్రైట్స్ అని చెప్పి
ఏరు సంగతి, డ్వేన్ సంగతి,
నలభై గజాల సంగతి అంతా కక్కేశా.
"బర్ల్ కూరించిన చోట మూడుసార్లు పగిలింది గట్టు.
మేం వదిలేసిన చోట నీళ్లు సందుల్లోంచి పోతాయి,
ఇంతవరకూ రాయి కదల్లేదు" అన్నా.
నవ్వారు. కుర్ర ఇంజనీరు మాత్రం
నవ్వుతూనే ఏదో రాసుకున్నాడు.

తల్లులు పిల్లల్ని సాకే నెలలు ఆగుతారట.
తర్వాతి సంగతి తర్వాతేనట.

చీకటి పడే వేళ మడత కుర్చీ తెచ్చుకుని కూర్చుంటున్నా.
చేతిలో లెక్కమీట, జోలీన్ ఇచ్చింది.
ఒకటి బయటికి రాలిందంటే టక్కుమని నొక్కాలి.
రాలినట్టే ఉంటుంది, ఎగిరినట్టు ఉండదు.
నిన్న పదకొండు.
ఇవాళ తొమ్మిది.
రోజుకో రాయి మారుస్తాయి, ఆ రెండూ పక్క సందులో ఉండొచ్చు.
ఉండకపోనూవచ్చు.

లేచి దగ్గరికెళ్లా.
రాళ్లింకా వెచ్చగానే ఉన్నాయి.
సందు ఉంది, చెయ్యి దూరేంత.
పెట్టలేదు.