పదిహేడో గడి

భూగర్భజల శాఖ ఫారంలో పదిహేడో గడి, పొర ఆకారం.
నడుమ లావుగా, అంచులు సన్నంగా ఉండేదానికి
ఒక మాట రాయాలి, తెలుగులో.
పై ఆఫీసు ఉత్తర్వు.
నేను రీడింగులు తీసేవాణ్ణి,
మాటలు తీసేవాణ్ణి కాదు.

కటకం, అన్నాడు మా ఇంజనీరు.
నిఘంటువు తీస్తే కటకమంటే కంకణం,
కటకమంటే దండు విడిది,
కటకమంటే కొండ నడుము,
అన్నీ అయ్యాక, చిన్నక్షరాల్లో, అద్దం.
కుంభాకారమన్నవాడు కుండ మోసినవాడే.
పుటాకారమన్నవాడు దొప్పలో తిన్నవాడు.
కటకమన్నవాడు ఏం చూసి అన్నాడో
నాకు అంతుపట్టలేదు.

దూరదేశంలో ఎవరో
సానబట్టిన గాజుముక్కకి పప్పుగింజ పేరు పెట్టారంట.
మైసూరు పప్పు, అదీ పొట్టు తీయనిది.
స్టోన్‌హౌస్‌పేట కొట్లో అడిగితే
"పొట్టుతోనా? ఈడెవురు తింటారన్నా" అని
కాదర్‌వలీ గుప్పెడు ఉలవలు చేతిలో పోశాడు.
ఉలవకీ నడుమ కాస్త ఉబ్బుంది.
ఉలవాకారం అని రాద్దునా?
ఇంజనీరుకి గుగ్గిళ్ళు గుర్తొస్తాయి.

సైదాపురం గనిలో చెంచురామయ్య మేస్త్రి
కాకిబంగారం పొరలు కొడవలితో చీలుస్తా చెప్పాడు:
"రాతిలో ఇది పరుపు మాదిరి పరుచుకోదు సార్.
పొట్ట పెంచుద్ది, తోక సన్నం చేసుద్ది, మాయమైపోద్ది."
పొట్ట తగిలిందంటే ఆ నెలకి కూలి.
తోక తగిలిందంటే
గుడిసె విప్పి మూట కట్టుకోవడం.
నా నోటుబుక్కులో రెండూ ఒకే బొమ్మ.

ట్రంకు రోడ్డు కంటాసుపత్రిలో
నా కుడికంట్లోంచి ముదిరినదాన్ని తీసేశాక
డాక్టరమ్మని అడిగాను, దానిదీ ఇదే ఆకారమా అని.
ఇదే, అంది.
కొండల మీద ఆగిపోయే ఒకరకం మబ్బులదీ ఇదే,
చెట్టుబెరడు ఊపిరి తీసుకునే మచ్చలదీ,
ఆకాశంలో కొన్ని చుక్కల గుంపులదీ ఇదే.
అన్నిటికీ ఒకటే మాటా?
ఇంగ్లీషులో ఒకటే.
తెలుగులో?
గాజుగుడ్డ మీద ప్లాస్టరు అంటించి
రేపు రండి, అంది.

నెల తర్వాత, కొత్త కన్నుతో, మైపాడు దాటి ఉత్తరంగా.
సరుగుడు తోపు వెనక
పామంజి నాగూరమ్మ దొరువు గీకతా ఉంది.
మోకాలి లోతు ఇసకగుంట,
అడుగున అరచెయ్యంత నీరు.
కొబ్బరిచిప్పకి పుల్ల గుచ్చి
తేట మీద తేట ముంచి బిందెలో పోస్తా ఉంది.
కూతవేటులో సముద్రం.
మీటరు ముంచాను. తీపే.

కాగితం మీద గీసి చూపించాను.
వాననీరు ఇసకలో దిగి ఉప్పునీటి మీద తేలతాది,
నడుమ లావు, అంచులు సన్నం,
పైన అడుగుంటే కింద నలభై.
ఆమె కాగితాన్ని తలకిందులు పట్టుకుని చూసింది.
"బిళ్ల," అంది.
ఏం బిళ్ల?
"పిలకాయలు చప్పరిస్తారే, ఆ బిళ్ల.
అంచులు ముందు కరుగుతాయి, నడానిది మిగులుద్ది.
మా కింద సముద్రం నోట్లో ఏసుకుని
చప్పరిస్తా ఉందబ్బయ్యా.
అందుకే మేం గీకుతాం, తవ్వం.
లోతుకి పోతే తగిలేది దాని నాలికే."

తోపు అవతల రొయ్యల గుంటల మోటార్లు
పొద్దుటినుంచీ ఆగలేదు.
వాటి మాట ఆమె ఎత్తలేదు.
చిప్పలో మిగిలిన గుక్క నాకిచ్చి
బిందె చంకనెత్తుకుంది.

పదిహేడో గడిలో బిళ్ల అని రాశాను.
ఇంజనీరు ఎర్రసిరాతో కొట్టి
కటకాకారం అని దిద్దాడు.
తప్పేం కాదు, సర్క్యులర్‌లో అదే ఉంది.

పద్దెనిమిదో గడి, మందం, మీటర్లలో.
నిరుడు పదకొండు.
ఈ ఏడు తొమ్మిదిన్నర, అని రాశాను.
దాన్ని ఎవరూ కొట్టెయ్యలేదు.