ఇంకో అణా

మా తాతమ్మ దాలమ్మకి ఎడమ రెట్ట మీద
నాలుగు గుంటలుండేవి, చింతగింజ పట్టేంత లోతు.
ఎండాకాలం రాత్రులు ఆమె పక్కన పడుకుని
నా చిటికెనవేలు వాటిలో తిప్పుతుంటే
"మెల్లిగే గుంటా, అది దారి" అనేది.

దారే.
పాలకొండ నుంచి రాజాం దాకా
నాలుగేళ్ళ పిల్ల రెట్ట మీద నడిచిన దారి.

అంతకుముందు ఇచ్ఛాపురం అవతల నుంచి
ఒక ఒడియా ముసలాయన వచ్చేవాడట,
దూదిలో ఎండిన పొక్కుల పొడి మూటగట్టుకుని.
అమ్మోరికి ముర్రాటలు పోయించి
ఆ తర్వాతే గీసేవాడు.
అది నేరమని దండోరా వేయించారు.
ముసలాయన రావడం మానేశాడు.
వచ్చినవాడు టీకాల దేవదానం.

అతని దగ్గర సీసాల్లేవు. మంచుగడ్డల్లేవు.
మందు బతకాలంటే మనిషి ఒళ్ళు కావాలి.
ఒక గుంటడి పొక్కు పండితే
దాన్ని గిచ్చి ఇంకో గుంటకి,
ఎనిమిదో రోజుకి ఆ గుంట నుంచి మరొకరికి.
మధ్యలో ఒక్క రెట్ట తప్పిపోతే
నిప్పు ఆరినట్టే.
దొర జీతం కోస్తాడు.

ఊరివాళ్ళు పిల్లల్ని ధాన్యం పాతర్లలో దాచారు.
ఈ మచ్చ రంగం ఓడ ఎక్కించడానికని ఒకడు,
కొత్త పన్నుకి లెక్కని ఒకడు.
ఊరు పొరపడిందని ఎలా అనను?
శిస్తుకి వచ్చినవాడూ
ఇలాంటి పుస్తకమే చంకన పెట్టుకొచ్చాడు.

దాలమ్మ తల్లి గంటమ్మ దాచలేదు.
రెండణాలన్నాడు దేవదానం,
ఒకటి ఇప్పుడు, ఒకటి రాజాంలో.
అణాకి ఎన్ని మానికల చోళ్ళో ఆమెకి తెలుసు.

ఆరో రోజు బయల్దేరారు.
నాగావళిలో నడుంలోతు నీళ్ళు.
"సెయ్యెత్తే, తడిపీకు."
తల్లి భుజాల మీద కూచుని పిల్ల చెయ్యెత్తింది,
ఒడ్డు చేరేదాకా,
ఎవరినో కేకేసి ఆపుతున్నట్టు.

పొక్కు ఒకటే దురద.
"గోకితే అమ్మోరికి కోపం" అంది తల్లి.
"గోకితే దొరకి కోపం" అన్నాడు దేవదానం.
ఎవరి కోపమైతేనేం, గుంట గోకలేదు.
రాత్రి ఆ చిన్ని గోళ్ళని
గంటమ్మ తన పళ్ళతో కొరికి తీసేసింది.

రాజాంలో బుగతల ఇల్లు.
మేం వీధి అరుగు ఎక్కకూడదు కదా,
పశువులసాల వెనక నిలబెట్టారు.
పురోహితుడు దూరం నుంచే అడిగాడు:
"ఆ రసం ఏ కులందిరా?"
దేవదానం తడుముకోలేదు.
"ఆవుదండీ. మొదలు ఆవు పొదుగు నుంచే."
అబద్ధం కాదు.
సూది దాలమ్మ పొక్కులో ముంచి
బుగత మనవడి రెట్ట మీద గీశాడు.
తర్వాత ఆ కుర్రాడికి పసుపునీళ్ళు పోశారట.
పసుపు ఎంత లోపలికి వెళ్తుంది?

పైయేడు చైత్రంలో అమ్మవారు వచ్చింది.
గంటమ్మ ఒంటి నిండా ముత్యాలు.
పెద్దవాళ్ళకి దేవదానం పుస్తకంలో గడి లేదు.
వేపమండల మీద తల్లి,
ఆమెని కరుచుకుని పిల్ల.
పదకొండో రోజు ఒక్కతే లేచింది.

ఊళ్ళో సగంమంది దాలమ్మ కాళ్ళకి పసుపు రాశారు.
సగంమంది ఆ పిల్ల వస్తుంటే తలుపులేశారు.
ఏ సగం కూడు పెట్టిందే అని అడిగితే
తాతమ్మ నవ్వేది. చెప్పేది కాదు.

నా రెట్ట మీద రెండు మచ్చలు,
బడిలో వరసలో నిలబెట్టి వేసినవి.
మా చిన్నదాని రెట్ట నున్నగా ఉంటుంది.
ఆ జబ్బే లేదిప్పుడు, సంతోషం.

రాజాం బస్టాండులో మాత్రం
పొట్టిచేతుల చొక్కా పెద్దమనిషి ఎవరైనా కనిపిస్తే
కళ్ళు వాటంతటవే అతని రెట్ట మీదికి పోతాయి.
తాతమ్మ చెవిలో గొణుగుతుంది:
"రెండన్నాడు, ఒకటే ఇచ్చాడు.
ఆళ్ళని అడిగీసి రాయే."