లాకు తెరిచేదాకా

లాకు తలుపు ఇరుక్కుంది.
మరమ్మతు వాళ్లు రేపంటారు, రేపొస్తే ఎల్లుండంటారు.
గెంట్‌కి ఇవతల కాలువ నిండా పడవలు,
దాటిపోయేది వాన ఒక్కటే.

గోడెలీవ్ ఇనపకుండ దించింది.
గొడ్డు జబ్బమాంసం, రెండేసి వేళ్ల మందాన.
తొందరపెడితే చెప్పుతోలు
ఊరుకుంటే అదే కరుగుతుంది.
వెన్నలో నాలుగు ముక్కలే వేసింది, చుయ్‌మన్నాయి.
ఇరుకైతే మాంసం కూడా నీళ్లు పెట్టుకుంటుంది,
ఎర్రబడదు.

అడుగున పట్టిన మాడుని తిట్టకూడదు
దానిమీదే నల్లబీరు వంచాలి,
గరిటెతో గీకి గీకి మంచి చేసుకోవాలి.
ఉల్లిపాయలు, రెండు బిర్యానీ ఆకులు,
ఆవముద్ద దట్టంగా పూసిన రొట్టెముక్క
బోర్లా పరిచి మూత.

ఇక మూడు గంటలు.
కిటికీ అద్దం చెమర్చింది.
కుండ తనలో తాను గొణుక్కుంటోంది.

పక్క పడవ అఖీల్‌ది.
రెండేళ్ల కింద టన్నుకి పావలా తగ్గించి
ఆమె కంకర బేరం ఎత్తుకుపోయినవాడు.
అప్పట్నించీ మాటల్లేవు.
వాసనకి లాకుల్లేవు కదా,
గొంతు సవరించుకుని అరిచాడు:
"నీ కుండ మాడుతోంది!"

మాడలేదు. ఆ సంగతి ఇద్దరికీ తెలుసు.

ఆమె చాలాసేపు గరిటె తిప్పింది
రొట్టె ఎప్పుడో కలిసిపోయింది
పులుసు చిక్కబడింది.
అప్పుడు రెండు పడవల మధ్య చెక్క వేసి
"దుంపలు వేయించి పట్రా" అంది,
మొహం చూడకుండానే.

ఈ కూర అసలు రుచి మర్నాటికని
ఇంకా చెప్పలేదు.